గెజిటీర్‌లో ‘ఎల్లోర్’ అని ఉంటే తెలుగులో ఏమని రాయాలి?

సందేహం: మా ప్రాంత చరిత్ర రాద్దామని కార్‌మైకేల్ విశాఖ జిల్లా మాన్యువల్ (1869), హెమింగ్వే గోదావరి జిల్లా గెజిటీర్ (జిల్లాలోని ఊళ్ల వివరాల గ్రంథం) చదువుతున్నాను. ఎల్లోర్, కోకనాడ, బిమ్లిపటం, చికకోల్ అని ఉన్నాయి. తెలుగులోనూ అలాగే రాయాలా? ఇంకో టెన్షన్ కూడా ఉంది. అమెరికా లైబ్రరీల కేటలాగుల్లో ‘చరిత్ర’ అని ఇంగ్లీషు అక్షరాల్లో కొడితే, ఉన్నాయని తెలిసిన పుస్తకాలు కూడా కనబడటం లేదు. ఎందుకు?

సమాధానం: అలా రాయకండి. ఏలూరు, కాకినాడ, భీమునిపట్నం, శ్రీకాకుళం అనే రాయండి. గెజిటీర్లు కలెక్టర్ల కోసం ఇంగ్లీషులో రాసినవి. జమాబందీ (భూమిశిస్తు) లెక్కలకు, కాలవల వివరాలకు అవి మంచి ఆధారాలే కానీ తెలుగు పేరు ఎలా పలకాలో తేల్చడానికి పనికిరావు. ఇంగ్లీషు అక్షరాల్లో ట, త ఒకటే. ల, ళ ఒకటే. హ్రస్వదీర్ఘాలకు తేడా లేదు. ‘తడ’ను ఇంగ్లీషులో మాత్రమే చూసినవాడు ‘టాడా’ అంటాడు.

అలాగని పాతగా కనబడే ప్రతి పేరూ దొరలు పెట్టింది కాదు. బెజవాడ పదో శతాబ్దపు యుద్ధమల్లుని శాసనంలోనే ఉంది. బందరు ఇప్పటికీ జనం నోట్లో ఉన్నదే. వీటిని నిరభ్యంతరంగా రాయవచ్చు. చికకోల్ విషయంలో మాత్రం ఒక మినహాయింపు: నిజాం కాలపు పాలనా విభాగం గురించి చెప్పేటప్పుడు ‘చికాకోల్ సర్కారు’ అనండి, ఊరి గురించి అయితే శ్రీకాకుళం అనండి.

పెద్ద ఊళ్లతో చిక్కు లేదు. చిన్న పల్లెల పేర్ల దగ్గరే అసలు ఇబ్బంది. అక్కడ ఊహించి రాయడం కంటే బ్రిటిష్ కాలపు సర్వే అధికారి కాలిన్ మెకంజీ సేకరింపజేసిన కైఫీయతులు (ఊళ్ల చరిత్ర చెప్పే స్థానిక వృత్తాంతాలు) చూడండి. వాటిలో చాలావాటిని స్థానికులు తెలుగులోనే రాశారు కాబట్టి పేరు తెలుగు లిపిలో దొరుకుతుంది. అక్కడ లేకపోతే గ్రామ రెవెన్యూ రికార్డులు, పాత తెలుగు పత్రికలు చూడండి. వేటపాలెం సారస్వత నికేతనం వంటి పాత గ్రంథాలయాల్లో అలాంటి పత్రికలు ఉన్నాయి. ఏదీ దొరకకపోతే ఆ ఊరికి వెళ్లి ఒక పెద్దాయన్ని పలకమనండి; కంప్యూటర్ మ్యాప్ మీద ఉన్న స్పెల్లింగ్‌ను మాత్రం నమ్మకండి.

మధ్యలో ఒక మాట. ‘మా ఊరు గెజిట్‌లో ఉంది’ అని కొందరు రాస్తుంటారు. గెజిట్ వేరు, గెజిటీర్ వేరు. మొదటిది ప్రభుత్వ ప్రకటనలు అచ్చయ్యే రాజపత్రం, రెండోది ఊళ్ల వివరాల గ్రంథం. కడప ఇంగ్లీషు స్పెల్లింగ్ మారడం లాంటివి తేల్చేది మొదటిదే.

ఇక కేటలాగు సంగతి. అమెరికా లైబ్రరీలు చాలావరకు లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్ లిప్యంతరీకరణ పద్ధతి (తెలుగు మాటల్ని ఇంగ్లీషు అక్షరాల్లో రాసే పద్ధతి) పాటిస్తాయి. అందులో ‘చ’కు సీ అక్షరం ఒక్కటే, ‘ఛ’కే సీహెచ్. మీరు ‘చరిత్ర’ను సీహెచ్‌తో కొట్టి ఉంటారు, హెచ్ తీసేసి చూడండి. శ, ష రెండింటికీ ఎస్ అక్షరమే, దాని మీదో కిందో ఒక గుర్తు ఉంటుంది. కాబట్టి ‘శాసనములు’, ‘భాష’ రెండింటిలోనూ ఎస్ పక్కన హెచ్ వద్దు. దీర్ఘానికి రెండు ‘ఏ’లు పెట్టకండి, ఒక్కటి చాలు. గుర్తులు వదిలేసినా సాధారణంగా ఇబ్బంది రాదు. పుస్తకం అట్ట మీద ‘చరిత్రము’ అని ఉంటే కేటలాగులోనూ అదే ఉంటుంది, ఆధునికం చేయరు. ప్రచురణ స్థలం కూడా ముఖపత్రంలో ఉన్నట్టే ఎక్కిస్తారు. అందుకని 1920ల నాటి పుస్తకానికి విజయవాడ అని వెతికి దొరకలేదనుకోకుండా బెజవాడ అని కూడా వెతకండి. మన దేశపు లైబ్రరీల్లో చాలాచోట్ల ఈ పద్ధతి లేదు, అక్కడ మీ పాత సీహెచ్ స్పెల్లింగే పనిచేయవచ్చు. కొన్ని రికార్డులకు తెలుగు లిపి కూడా జోడించారు. ముందు తెలుగులోనే కొట్టి చూసి, తర్వాత ఇంగ్లీషు అక్షరాలకు రండి.