కాలరేఖలు మార్చే టోపీ: కథ రాసేముందు

చి. సుధకు ఆశీస్సులు.

నీ కథలో టోపీలాంటి యంత్రం తలకు పెట్టుకుని మనసులో అనుకుంటే చాలు, మనిషి వేరే కాలరేఖలోకి, అంటే సంగతులు మరోలా జరిగిన లోకంలోకి వెళ్ళిపోతాడు. ఆ "అనుకుంటే చాలు" దగ్గరే కథ పలచబడింది. అనుకోవడం ఎంత కష్టమో చూపించమ్మా, యంత్రాన్ని పాఠకుడు దానంతటదే నమ్ముతాడు.

ముందు అబద్ధం ఎక్కడ ఆడాలో తేల్చుకో. 1957లో భౌతిక శాస్త్రవేత్త హ్యూ ఎవరెట్ ప్రతిపాదించిన ఆలోచన ప్రకారం క్వాంటమ్ కొలతలో, అంటే అతి సూక్ష్మ కణాలను కొలిచినప్పుడు, వీలున్న ఫలితాలన్నీ జరుగుతాయి, ఒక్కొక్కటీ ఒక్కో కొమ్మలో. నీ కాలరేఖలంటే ఆ కొమ్మలే. విడిపోయిన కొమ్మల మధ్య కబురు మాత్రం నడవదు. నీ యంత్రం దాటాల్సింది ఆ ఒక్క నియమాన్నే. ఎలా దాటిందో వివరించబోకు, వివరించినకొద్దీ అతుకు బయటపడుతుంది. మిగతాదంతా అసలైన ఈఈజీ యంత్రంలాగే, అంటే మెదడులోని విద్యుత్ అలల్ని తలమీంచి నమోదు చేసే యంత్రంలాగే ఉండనివ్వు.

టోపీకి ఎనిమిది ఎలక్ట్రోడ్లు, అంటే ఆ అలల్ని అందుకునే లోహపు బిళ్ళలు చాలు. నడినెత్తిన, దాని వెనక వరసలో, తల వెనక భాగాన అమర్చు. మిగతావాటిని పోల్చి చూసే రిఫరెన్స్ బిళ్ళ చెవి వెనక ఎముక మీద, గ్రౌండ్ బిళ్ళ నుదుటి మీద. జుట్టు పాయ తీసి, చర్మాన్ని మెల్లగా రుద్ది, విద్యుత్తును పోనిచ్చే జెల్ పెట్టి, చర్మానికీ ఎలక్ట్రోడ్‌కీ మధ్య నిరోధం 5 కిలో ఓమ్‌ల లోపుకు తేవాలి. ఇక్కడ ఓపిక లేనివాడు జెల్ ఎక్కువ పోస్తాడు. అది కారి పక్క ఎలక్ట్రోడ్‌ని తాకిందంటే రెండూ కలిసి ఒకటే అయిపోతాయి. తెరమీద గీతలు శుభ్రంగానే కనిపిస్తాయి, అదే ప్రమాదం. కథలో మొదటి పొరపాటుకు ఇంతకన్నా మంచి కారణం దొరకదు. యంత్రాన్ని బ్యాటరీ మీద నడిపించు, గోడ ప్లగ్గు దగ్గరుంటే ఇంటి కరెంటు తాలూకు 50 హెర్ట్జ్ రొద వచ్చి పడుతుంది.

ఇక ఎంపిక. మెదడు కోరికను యంత్రం చదవలేదు. చదవగలిగింది పీ300 అనే అల. ఎదురుచూస్తున్న దృశ్యం మిగతావాటి మధ్య అరుదుగా మెరిసినప్పుడు, సుమారు 300 మిల్లీసెకన్ల తర్వాత అది లేస్తుంది. కాబట్టి నీ కథానాయకుడి ముందు ఆరు కాలరేఖల దృశ్యాలు వరస మార్చి మార్చి మెరవాలి. ఆ అల పది మైక్రోవోల్టుల ప్రాంతంలో ఉంటుంది, చుట్టూ రొద దానికన్నా ఎక్కువ. ఒక్కసారి చూస్తే తేలదు, సగటు తీయాలి. 16 సార్లు మెరిపిస్తే రొద నాలుగో వంతుకు తగ్గుతుంది. ఒక్కో మెరుపుకు 200 మిల్లీసెకన్లు వేసుకో. ఆరు దృశ్యాలు, పదహారేసి సార్లు, మొత్తం 19 సెకన్ల పైచిలుకు.

ఆ 19 సెకన్లే నీ కథకు ప్రాణం. మామూలుగా మనిషి నిమిషానికి పదిహేను ఇరవై సార్లు రెప్ప వేస్తాడు. ఒక్క రెప్పపాటు వంద మైక్రోవోల్టులు దాటి అసలు అలను మింగేస్తుంది. పళ్ళు బిగించినా, గుటక వేసినా అంతే. కళ్ళు మండుతుంటే, నీళ్ళు ఊరుతుంటే అతను తెరవైపే చూస్తూ ఉండాలి. నిద్ర ముంచుకొస్తే ఆ అల చిన్నదై ఆలస్యంగా వస్తుంది, అంటే అలసినవాడికి దారి తప్పడం ఖాయం. అతని అలను గుర్తుపట్టేలా యంత్రానికి నిన్న సరిచేసిన లెక్క ఇవాళ పనికిరాదు, టోపీ అర అంగుళం జరిగినా మళ్ళీ మొదటినుంచి సరిచూడాలి. ఈ సరిచూడడాన్ని మాత్రం ఒక్క పేరాలో తేల్చెయ్.

అన్నిటికన్నా పెద్ద చిక్కు ఇది, దీని దగ్గర ఆగి రాయి. ఆ అల కోరుకున్నదానికే లేస్తుందని లేదు, ఉలిక్కిపడేలా చేసినదానికీ లేస్తుంది. అమ్మ బతికున్న కాలరేఖ కోసం చూస్తున్నవాడికి, పక్క దృశ్యంలో ఖాళీ మంచం, మడతపెట్టిన దుప్పటి కనిపిస్తే చాలు. పదహారు సార్లూ మనసు అటే తిరుగుతుంది. యంత్రం తప్పు చెయ్యలేదు, అతని ధ్యాస ఎటుందో అటే పంపింది.

తిరుగు ప్రయాణం సంగతి కూడా తేల్చుకో. అక్కడి శరీరానికి అక్కడి మెదడే ఉంటుంది, జ్ఞాపకాలు న్యూరాన్ల అనుసంధానాల్లో ఉంటాయి. మరి ఇక్కడి సంగతులు అతనికెలా గుర్తుంటాయి? ఒకేసారి మనసులో నిలిచేవి దాదాపు నాలుగు సంగతులేనని తెలుసుగా, అవి మాత్రమే వెంట వస్తాయని నియమం పెట్టు. ఏ నాలుగు తీసుకెళ్ళాలో అతను ఎంచుకునే చోట తొందరపడకు. ఒకటి టోపీ ఎలా పెట్టుకోవాలో అయి ఉండాలి, లేకపోతే వెనక్కి దారే లేదు. అంటే ఇక మూడే.

ముందు ఆ 19 సెకన్ల సన్నివేశం ఒక్కటే రాసి పంపు. మెరుపులు లెక్కపెట్టుకుంటూ చదువుతాను.