మీ నాన్నగారికి మాస్టారిని పెట్టకండి

ఉద్యోగ విరమణ తరువాత మీ నాన్నగారు అట్టముక్కల మీద బొమ్మలు వేస్తున్నారని, వాటిలో ఇళ్ళకంటే మనుషులు పెద్దగా ఉంటున్నారని, డ్రాయింగ్ మాస్టారి దగ్గర చేర్పించాలా అని అడిగారు. వద్దండీ. మేము ఆ పని చేసి చూశాం.

మాది తిరుపతి, కొర్లగుంట. మా మామగారు ఇరవై ఏళ్ళకు పైగా తిరుమల ఘాట్ రోడ్డులో బస్సు నడిపారు. 1974లో రెండో ఘాట్ రోడ్డు వచ్చాక ఎక్కడానికి ఒక దారి, దిగడానికి ఒక దారి అయింది కదా, ఆయన బొమ్మల్లో ఆ రెండు దారులూ కొండ మీద జడపాయల్లా అల్లుకుని ఉంటాయి. ప్రతి మలుపులోనూ ఒక ఎర్ర బస్సు. కొండ ఎంతో బస్సూ అంతే. స్టీరింగు పట్టుకున్న చేతులు బస్సుకంటే పెద్దవి. హారన్ మోతను కూడా పసుపు చుక్కల వరుసగా వేస్తారు. కిరాణా కొట్టు అట్టపెట్టెలు విప్పి, తలుపులకు వేయగా మిగిలిన ఎనామిల్ రంగులు వాడతారు.

ఒక మాస్టారిని పిలిపించాం. మంచి మనిషి, ఓపికగా చెప్పారు. దూరంగా ఉన్నది చిన్నగా వేయాలన్నారు. మామగారు నెల రోజులు స్కేలు పెట్టి గీశారు. ఆ తరువాత మానేశారు. నేను అడిగితే, "మలుపులో ముందు బస్సు ఆగిపోయిందంటే, అది ఎంత దూరాన ఉన్నా నా కళ్ళ నిండా అదే ఉంటుందమ్మా. చిన్నగా ఎట్లా వేసేది?" అన్నారు. మళ్ళీ కుంచె పట్టడానికి ఆరు నెలలు పట్టింది.

తరువాత ఆల్‌ఫ్రెడ్ వాలిస్ గురించి చదివాను. ఇంగ్లండులో కార్న్‌వాల్ తీరాన, సెయింట్ ఐవ్స్ అనే ఊళ్ళో పడవల సామాను, పాత ఇనుము వ్యాపారం చేసుకున్న మనిషి. 1922లో భార్య పోయాక, డెబ్బైకి దగ్గర పడిన వయసులో, ఒంటరితనం భరించలేక బొమ్మలు మొదలుపెట్టాడు. ఆయనవీ కొట్లలో ఇచ్చిన అట్టముక్కలే, పడవలకు వేసే రంగులే. అట్ట ఎంత వంకరగా ఉన్నా దాన్ని సరిచేయకుండా అందులోనే సముద్రాన్ని ఇమిడ్చేవాడు. తనకు ఏది ముఖ్యమో అది పెద్దగా ఉండేది. 1928లో బెన్ నికల్సన్, క్రిస్టఫర్ వుడ్ అనే చిత్రకారులు ఆ ఇంటి ముందు నుంచి వెళ్తూ ఆ బొమ్మలు చూసి ఆగిపోయారు. బాగా చదువుకున్న చిత్రకారులై ఉండి, ఆయన గీతను దిద్దలేదు. ఆయన దగ్గరే నేర్చుకున్నారు. ఇది చదివిన రోజు మా ఇంట్లో జరిగింది తలచుకుని చాలా బాధపడ్డాను.

శ్రీకాళహస్తికి పంపి కలంకారీ నేర్పించమని కూడా బంధువులు చెబుతారు. మామగారు ఒకసారి వెళ్ళి, కరక్కాయ, పాలు కలిపి గుడ్డ తడపడం దగ్గర నుంచి సాయంత్రం దాకా చూసి, దండం పెట్టి వచ్చేశారు. అది గురువు చేతి కింద కూర్చుని నేర్చుకునే విద్య. ఈయన వేసేది తన జ్ఞాపకం. రెండింటినీ కలపకండి.

నా వల్ల జరిగిన తప్పు ఇంకొకటి ఉంది. ఒక దీపావళికి ఇల్లు సర్దుతూ, ముప్పైకి పైగా అట్టలను పాత పేపర్లు కొనే అతనికి ఇచ్చేశాను. ఆయన ఒక్క మాట అనలేదు. ఆ రోజు నుంచి వేసిన ప్రతిదీ తన మంచం కింద పెట్టి, ముందు ట్రంకుపెట్టె అడ్డం పెడుతున్నారు.

అందుకని, బొమ్మ పూర్తిగా ఆరాక వెనక పెన్సిలుతో తేదీ వేయండి. అది ఏమిటో ఆయననే అడిగి, ఆయన చెప్పిన మాటల్లోనే రాయండి. మధ్యలో తెల్లకాగితం పెట్టి, చెమ్మ తగలని చోట దాచండి. వార్తాపత్రికలు పెట్టవద్దు, అంటుకుంటాయి. ఎనామిల్ వాసన ఊపిరికి మంచిది కాదు, వరండాలోనో కిటికీ దగ్గరో కూర్చోబెట్టండి. ఖరీదైన రంగులపెట్టె కొనిచ్చేముందు ఒకసారి ఆయనను హార్డ్‌వేర్ కొట్టుకు వెంట తీసుకెళ్ళండి. నేను కొనిచ్చిన పెట్టె మూత కూడా తీయలేదు. కొట్టులో మాత్రం మా మామగారు గంటసేపు డబ్బాలన్నీ చూసి, నాలుగే ఎంచుకున్నారు. వాటిలో రెండు ఎరుపులే.