మూడు ఇంజెక్షన్లకు ముందే డబ్బు కట్టకండి

ప్రశ్న: డాక్టరు గారూ, మా అమ్మకి 58 ఏళ్ళు, 12 ఏళ్ళుగా షుగర్ ఉంది. మేం ఉప్పల్‌లో ఉంటాం. రెండు నెలల క్రితం బియ్యం బస్తా జరపబోతే నడుం పట్టేసింది. ఇప్పుడు నడుం కంటే ఎడమ కాలే ఎక్కువ బాధ పెడుతోంది, పిర్ర నుంచి పిక్క మీదుగా మడమ దాకా కరెంటు షాక్ కొట్టినట్టు లాగేస్తోందట. వంటింట్లో పది నిమిషాలు నిలబడలేక గట్టు మీదకి వాలిపోతోంది. ఎమ్మారైలో నడుం చిట్టచివర, ఎల్5-ఎస్1 అనే చోట డిస్క్ జారి ఎడమవైపు నరాన్ని నొక్కుతోందని వచ్చింది. ఒక క్లినిక్‌లో వెన్నులో స్టెరాయిడ్ ఇంజెక్షన్లు నెలకొకటి చొప్పున మూడు వేయాలన్నారు, మూడింటికీ ముందే కడితే తగ్గిస్తామన్నారు. మా పెద్దమ్మేమో వెన్నులో సూది పడితే కాళ్ళు పడిపోతాయంటోంది. ఇంట్లో అందరికీ టెన్షన్‌గా ఉంది. ఏం చేయమంటారు?
– ఒక పాఠకురాలు, ఉప్పల్

జవాబు: ముందు డబ్బు సంగతి చెప్పేస్తానమ్మా. మూడింటికీ కట్టకండి. మొదటిదానికి ఎంత గుణం కనిపించిందో చూడకుండానే రెండోది, మూడోది రాసేయడానికి వైద్యంలో సరైన ఆధారం లేదు. ఒక్కదానితో కాలు కుదుటపడితే రెండోదాని అవసరమే రాదు, ఒక్కదానికీ ఏమాత్రం తగ్గకపోతే అసలు నొప్పి ఎక్కడి నుంచి వస్తోందో మళ్ళీ మొదటి నుంచి చూడాలి.

వెన్నుపూసల మధ్య మెత్తలా ఉండే డిస్క్ జారినప్పుడు నరం నొక్కుకుపోవడమే కాదు, లోపలి గుజ్జు తగిలి నరం వేరు వాచిపోతుంది. స్టెరాయిడ్ ఆ వాపుని దించుతుంది, అంతవరకే. జారిన డిస్క్‌ని వెనక్కి నెట్టదు. అందుకే కాల్లోకి లాగే నొప్పికి ఇది కాస్త పనిచేస్తుంది గానీ ఒట్టి నడుం నొప్పికి పెద్దగా చేయదు. మీ అమ్మగారికి పిక్క వెనక నుంచి మడమకి పోతోంది, అది ఎస్1 నరం వెళ్ళే దారి, ఎమ్మారైలో కనిపించిందీ ఆ చోటే. రెండూ కలిశాయి. ఇది చాలా ముఖ్యం, ఎందుకంటే ఏ బాధా లేనివాళ్ళకి ఎమ్మారై తీసినా ఆ వయసులో చాలామందికి డిస్కులు ఉబ్బినట్టే కనిపిస్తాయి. మనిషిని పడుకోబెట్టి కాలెత్తి చూడాలి, మునివేళ్ళ మీద, మడమల మీద నడిపించి చూడాలి. ఆ క్లినిక్‌లో ఇలా చూశారో లేదో మీరు రాయలేదు. చూడకపోతే వేరే డాక్టరుకి చూపించండి.

ఇంజెక్షన్ పనిచేస్తే కొన్ని వారాలు, ఒక్కోసారి కొన్ని నెలలు హాయి. ఏడాది తర్వాత చూస్తే వేయించుకున్నవాళ్ళకీ వేయించుకోనివాళ్ళకీ పెద్ద తేడా ఉండదు. జారిన గుజ్జుని చాలామందిలో శరీరమే మెల్లగా కరిగించుకుంటుంది. కాబట్టి అమ్మని ఒకటే అడగండి, పోయిన నెల కంటే ఇప్పుడు తగ్గిందా పెరిగిందా అని. కొంచెమైనా తగ్గుతోందంటే మాత్రలతో, నడకతో, ఫిజియోథెరపీతో ఇంకో నెల ఆగొచ్చు. రాత్రి నిద్ర లేదు, బాత్రూమ్ దాకా వెళ్ళడమే గగనమైపోయింది అంటే ఒక ఇంజెక్షన్ వేయించడం న్యాయమే. అయితే నొప్పి తగ్గిన ఆ కొన్ని వారాలూ ఆవిడ రోజూ నడవాలి, ఫిజియోథెరపీ చేయాలి. తగ్గింది కదా అని మళ్ళీ బస్తాలు ఎత్తకూడదు.

పెద్దమ్మగారి భయాన్ని నేను కొట్టిపారేయను. వెన్నులో స్టెరాయిడ్ వేసినప్పుడు అరుదుగానైనా చూపు పోవడం, పక్షవాతం, ప్రాణాపాయం కూడా ఉంటాయని 2014లో అమెరికా మందుల నియంత్రణ సంస్థ ఎఫ్‌డీఏ హెచ్చరించింది. అంతకుముందు 2012లో అక్కడే ఫంగస్ పట్టిన స్టెరాయిడ్ సీసాల వల్ల 700 మందికి పైగా జబ్బుపడి 60 మందికి పైగా చనిపోయారు. మెడలో వేసేటప్పుడు ప్రమాదం ఎక్కువ, నడుంలో తక్కువ. జాగ్రత్తగా చేసేవాళ్ళ చేతిలో కాళ్ళు పడిపోవడం చాలా చాలా అరుదు. అందుకే మొహమాటపడకుండా అడగండి: సి-ఆర్మ్ ఎక్స్‌రేలో చూస్తూ వేస్తారా, ముందు డై (ఎక్స్‌రేలో కనిపించే ద్రవం) వేసి చూస్తారా, ఏ స్టెరాయిడ్, సీసా మా ఎదురుగా తెరుస్తారా, వేసేది ఎవరు. వీటికి విసుక్కునేవాళ్ళ దగ్గర వేయించకండి.

వేసేటప్పుడు బోర్లా పడుకోబెట్టి పొట్ట కింద దిండు పెడతారు. డై వేయగానే తెర మీద నరం వెంబడి సన్నని నల్లని గీత దిగుతుంది, సూది సరైన చోట ఉందని మాకు తెలిసేది దాన్నిబట్టే. మందు వెళ్ళేటప్పుడు చాలామంది “ఇదే డాక్టర్, ఇదే నా నొప్పి” అని ఉలిక్కిపడతారు, ఒక నిమిషంలో సర్దుకుంటుంది. స్టెరాయిడ్‌తో పాటు వేసే మత్తుమందు వల్ల ఆ సాయంత్రం హాయిగా ఉండి, రాత్రికి నొప్పి మళ్ళీ రావచ్చు. కంగారు పడకండి, స్టెరాయిడ్ పని మొదలవడానికి రెండు రోజుల నుంచి వారం పడుతుంది.

మీ అమ్మగారి విషయంలో నాకు అన్నిటికంటే దిగులు షుగర్ గురించే. ఇంజెక్షన్ తర్వాత కొన్ని రోజులు, కొందరికి వారం పైగా, షుగర్ బాగా పెరుగుతుంది. ముందే హెచ్‌బీఏ1సీ (గత రెండు మూడు నెలల సగటు షుగర్ చెప్పే రక్తపరీక్ష) చేయించి షుగర్ డాక్టరుకి చూపించండి, అదుపులో లేకపోతే ఇంజెక్షన్ వాయిదా వేయడమే మంచిది. వేశాక వారం పాటు ఉదయం, సాయంత్రం ఇంట్లో చూసుకుని రాసిపెట్టండి. రక్తం పలచబడే మాత్రలు వాడుతుంటే ఆ సంగతి తప్పక చెప్పండి, మీ అంతట మీరు మాత్రం ఆపేయకండి.

ఇంకొకటి, ఇది ఇంటిల్లిపాదికీ తెలియాలి. మూత్రం ఆగిపోయినా, తెలియకుండా పోతున్నా, మలద్వారం చుట్టూ మొద్దుబారినా, పాదం ఎత్తలేక చెప్పు జారిపోతున్నా ఇంజెక్షన్ మాట పక్కన పెట్టి, అర్ధరాత్రి అయినా సరే, నిమ్స్ లాంటి న్యూరోసర్జరీ ఉన్న పెద్దాసుపత్రికి తీసుకెళ్ళండి.

ప్రశ్న: నాకు 34. ఎల్బీనగర్ నుంచి గచ్చిబౌలికి రోజూ బైక్ మీద వెళ్తాను. ఆరు వారాలుగా నడుం మధ్యలోనే నొప్పి, కాళ్ళలోకి రాదు. ఎమ్మారైలో డిస్క్ కొద్దిగా ఉబ్బిందని ఉంది. ఇంజెక్షన్ వేయించుకుంటే త్వరగా తగ్గుతుందా?

జవాబు: వద్దు బాబూ. కాల్లోకి రాని నొప్పికి అది దండగ. కొన్నాళ్ళు బైక్ మానేసి మెట్రోలో రాయదుర్గం దాకా వెళ్ళు, అమీర్‌పేటలో మారాలి కాబట్టి ఆ కాస్త నడకా మంచిదే. ఆఫీసులో గంటకోసారి లేచి తిరుగు. జ్వరం గానీ, బరువు తగ్గడం గానీ ఉంటే మాత్రం వెంటనే డాక్టరుకి చూపించుకో.

ప్రశ్న: మా ఆయనకి వెన్నులో ఇంజెక్షన్ వేసిన మర్నాటి నుంచి కూర్చుంటే తల పగిలిపోతోంది, పడుకుంటే తగ్గుతోంది. ఎందుకని?

జవాబు: వెన్నుపాము చుట్టూ ఉండే పొరకి సూది తగిలి లోపలి నీరు కొద్దికొద్దిగా కారుతోందన్నమాట. పడుకుని ఉండనివ్వండి, నీళ్ళు బాగా తాగించండి, ఎక్కువమందికి కొద్ది రోజుల్లో అదే తగ్గుతుంది. అయినా వేసిన డాక్టరుకి ఈరోజే ఫోన్ చేసి చెప్పండి. తగ్గకపోతే మీ ఆయన రక్తమే కొంచెం తీసి అక్కడ వేసి ఆ చిల్లు మూస్తారు. జ్వరం వచ్చినా, మెడ బిగుసుకున్నా ఆగకుండా ఆసుపత్రికి తీసుకెళ్ళండి.