యానిమేషన్ కోర్సుకు మూడు లక్షలు కట్టాలా?

ప్రశ్న: మాది భీమవరం దగ్గర పల్లెటూరు. రొయ్యల చెరువులే ఆధారం. మా అబ్బాయి బీటెక్ కంప్యూటర్ సైన్స్ రెండో సంవత్సరం చదువుతున్నాడు. ఏదో గేమ్ తెరవబోతే డీఎల్ఎల్ ఫైలు లేదని వచ్చిందట. అది గేముల్లో మనుషులకు ఎముకలు పెట్టి నడిపించే లైబ్రరీ (వేరే ప్రోగ్రాములు వాడుకునేలా ముందే రాసి ఉంచిన ప్రోగ్రాము) అని తెలుసుకున్నప్పటి నుంచి, అలాంటివి రాయడమే నా పని అంటున్నాడు. హైదరాబాద్‌లో ఒక సంస్థ యానిమేషన్ కోర్సుకు మూడు లక్షలు అడుగుతోంది. చేర్పించమంటారా?

జవాబు: వద్దండి. మీ అబ్బాయి కోరుకునే పని వేరు, ఆ కోర్సులో నేర్పే పని వేరు.

కాకినాడ దగ్గరి మాధవపట్నం తోలుబొమ్మలాట చూసే ఉంటారు. భుజం దగ్గర, మోచేయి దగ్గర ముక్కలను దారంతో ముడివేస్తారు. పుల్ల కదిపితే చెయ్యి లేస్తుంది. గేముల్లో బొమ్మను ఆడించే కళాకారుడు యానిమేటర్. కోర్సు నేర్పేది ఆ కళ. మీ అబ్బాయి మనసు పడింది కీళ్ల మీద. భుజం తిరిగితే మోచేయి, మణికట్టు, వేళ్లు వరసగా ఎంత కదలాలో లెక్కగట్టే ప్రోగ్రాము రాయడం మీద. దానికి కావలసింది గణితం, సీ ప్లస్ ప్లస్ అనే ప్రోగ్రామింగ్ భాష.

ఆ లెక్క ఎలాంటిదో కొంచెం చెబుతాను, మీ అబ్బాయికి చూపించండి. గేములో మనిషి ఒళ్లంతా వేల బిందువులు. ఒక్కో బిందువు ఏ ఎముక మాట ఎంత వినాలో భారాలు రాసి ఉంటాయి. సాధారణంగా నాలుగు ఎముకల వరకు, భారాల మొత్తం 1. ఇప్పుడు ముంజేయి కదలకుండా అరచేతిని 180 డిగ్రీలు మెలితిప్పారనుకోండి. మణికట్టు మీది బిందువుకు చెరి సగం భారం. ముంజేయి లెక్కలో ఆ బిందువు ఇటు పక్క ఉంటుంది, అరచేతి లెక్కలో సరిగ్గా అటు పక్కకు పోతుంది. రెంటికీ సగటు తీస్తే నడిమి ఇరుసు మీద పడుతుంది. చుట్టూ ఉన్న బిందువులన్నీ అంతే, మణికట్టు ముడుచుకుపోతుంది. దీన్ని తప్పించడానికి ద్వంద్వ క్వాటర్నియన్లు అనే ఒక రకం సంఖ్యలతో ఒక పద్ధతి 2007లో వచ్చింది. ఈ లెక్క చదివి కాగితం, పెన్సిలు తీసుకుంటే మీ అబ్బాయిని ధైర్యంగా ఇటు పంపండి. విసుగు పుడితే అతనికి నచ్చింది గేమ్ ఆడటమే అనుకోవాలి. అదీ ఇప్పుడే తెలియడం మంచిది.

ఇంటర్ గణితం పుస్తకాలు అమ్మేసి ఉండకపోతే బయటకు తీయమనండి. మాత్రికలు, సదిశలు 1ఏలో ఉన్నాయి, సంకీర్ణ సంఖ్యలు 2ఏలో. సంకీర్ణ సంఖ్యతో గుణిస్తే తలంలో బిందువు ఎలా తిరుగుతుందో అర్థమైతే, మూడు కొలతల్లో అదే పని చేసే క్వాటర్నియన్ కొరుకుడు పడుతుంది. హామిల్టన్ 1843లో కనిపెట్టిన ఆ సంఖ్యలే నేటి గేముల్లో ఎముకలను తిప్పుతున్నాయి.

తర్వాత ఓజ్-యానిమేషన్ అనే లైబ్రరీ చదవమనండి. సీ ప్లస్ ప్లస్‌లో రాసిన ఓపెన్ సోర్స్ లైబ్రరీ అది, అంటే లోపలి ప్రోగ్రామంతా ఎవరైనా చదవొచ్చు, పైసా ఖర్చు లేదు. రెండు కదలికలను కలపడం, ఎముకల స్థానాలు లెక్కగట్టడం అందులో విడివిడిగా కనిపిస్తాయి. తెర మీద బొమ్మ గీసే పని దానిది కాదు, అది తానే రాసుకోవాలి. నేర్చుకునేది అక్కడే. బొమ్మ కోసం బ్లెండర్ అనే బొమ్మలు తయారుచేసే సాఫ్ట్‌వేర్ ఉచితంగా దొరుకుతుంది.

పోయిన డీఎల్ఎల్ ఫైలును మాత్రం ఊరూ పేరూ లేని సైట్ల నుంచి దించుకోవద్దని గట్టిగా చెప్పండి. వైరస్‌లు అలాగే ఇంట్లోకి వస్తాయి. గేమును అసలు చోటు నుంచి మళ్లీ ఇన్‌స్టాల్ చేసుకుంటే సరిపోతుంది.

ఉద్యోగాల సంగతి దాచను. ఇలాంటి కొలువులు మామూలు సాఫ్ట్‌వేర్ కొలువులకన్నా బాగా తక్కువ, ఉన్నవీ ఎక్కువగా హైదరాబాద్, బెంగళూరు, పుణె స్టూడియోల్లోనే. కానీ ఈ గణితం రోబోటిక్స్‌లోనూ సిమ్యులేషన్‌లోనూ పనికొస్తుంది. మామూలు ప్రోగ్రామింగ్ ఇంటర్వ్యూలకూ చదువుతూనే ఉండాలి.

మూడు లక్షలు మీ దగ్గరే ఉంచుకోండి, చెరువు పంట ప్రతిసారీ ఒకేలా ఉండదు. మూడో సంవత్సరం పూర్తయ్యేలోగా ఒక బొమ్మ నడుస్తూ, ఆగకుండా పరుగులోకి మారే చిన్న ప్రోగ్రాము సొంతంగా రాసి, ప్రోగ్రాములు నలుగురూ చూసేలా పెట్టే గిట్‌హబ్ అనే సైట్‌లో పెట్టమనండి. అది తయారయ్యాక నాకు మళ్లీ రాయండి. ఏ స్టూడియోలకు, ఎలా దరఖాస్తు చేయాలో అప్పుడు వివరంగా చెబుతాను.