మూసిన వాల్వ్‌ని నమ్మకు, శ్రీనూ

శ్రీనూ,

రిఫైనరీ షట్‌డౌన్‌లో నిన్ను మెయింటెనెన్స్ సూపర్‌వైజర్‌గా వేశారని మీ నాన్న ఫోన్ చేశాడు. గర్వంగా ఉంది, భయంగానూ ఉంది. ఫోన్లో చెబితే ఒక చెవిన విని వదిలేస్తావని రాస్తున్నాను.

పర్మిట్ మీద సంతకం గదిలో కూర్చుని పెట్టకు. లైన్ దగ్గరికి వెళ్లు. ఏ వాల్వ్ మూశారో, బ్లైండ్, అంటే పైపుకి అడ్డంగా వేసే గట్టి పలక, ఎక్కడ వేశారో, డ్రెయిన్ తెరిచారో లేదో కళ్లారా చూడు. మూసిన వాల్వ్ కూడా లోపల్లోపల కారుతుంది. మనిషి వెసెల్‌లోకి, ఆ పెద్ద ట్యాంకులోకి, దిగాలంటే బ్లైండ్ ఉండి తీరాలి.

నా మోచేతి మీది మచ్చ గుర్తుందా? చిన్నప్పుడు వేలితో తడిమి ఏంటని అడిగేవాడివి. గేజ్ సున్నా చూపిస్తోంది కదా అని పైపులు కలిపే ఫ్లాంజ్ బోల్టులు నా వైపువి ముందు వదులు చేశాను. గేజ్‌కి వెళ్లే సన్నపైపు మడ్డితో పూడుకుపోయి ఉంది. వేడి నూనె చిమ్మింది. నువ్వు విప్పించేటప్పుడు అవతలివైపు బోల్టులు ముందు కొద్దిగా వదులు చేయించు. పూర్తిగా తీయనివ్వకు. లోపల ఏదైనా మిగిలుంటే అటు పోతుంది.

సగంలో ఆగిన పని అంటే నాకు ఇప్పటికీ గుండె దడే. 1988 జూలై 6న ఉత్తర సముద్రంలో పైపర్ ఆల్ఫా అనే చమురు ప్లాట్‌ఫామ్ మీద ఒక పంపు సేఫ్టీ వాల్వ్ తీసి, ఆ చోట తాత్కాలికంగా మూత బిగించారు. ఆ సంగతి రాత్రి షిఫ్ట్‌కి అందలేదు. రెండో పంపు ఆగిపోయేసరికి వాల్వ్ తీసిన ఈ పంపుని ఆన్ చేశారు. గ్యాస్ కారి పేలింది, 167 మంది పోయారు. అందుకే షిఫ్ట్ మారేటప్పుడు వచ్చినవాణ్ని పని దగ్గరికే తీసుకెళ్లి చూపించు. పుస్తకంలో రాసి వచ్చెయ్యడం చాలదు.

హెచ్‌టూఎస్ విషవాయువుకి కుళ్లిన గుడ్ల వాసన ఉంటుందని నీకూ తెలుసు. సుమారు 100 పీపీఎం దగ్గర ముక్కు మొద్దుబారి ఆ వాసనే తెలియదు. ముక్కుని కాదు, మీటర్‌ని నమ్ము. వెసెల్ లోపల ఆక్సిజన్ 19.5 శాతం కన్నా తగ్గితే ఎవర్నీ దించకు. భోజనం చేసొచ్చాక మళ్లీ కొలిపించు, పొద్దుటి రీడింగ్ మధ్యాహ్నానికి పనికిరాదు. లోపల ఎవరైనా పడిపోతే ఊపిరికి గాలినిచ్చే సెట్టు లేకుండా ఒక్కణ్నీ దిగనివ్వకు, గట్టిగా పట్టుకునైనా ఆపు.

ఇక పని త్వరగా తెమలాలంటే ముందురోజే జాయింట్ల మధ్య వేసే గాస్కెట్లు, స్టడ్‌లు, క్రేన్ సిద్ధం చేసుకో. పొద్దున ఏడింటికి పర్మిట్ తీసుకుని పదింటిదాకా స్టోర్స్ చుట్టూ తిరిగేవాళ్లే సాయంత్రం ఆదరాబాదరాగా బిగిస్తారు. గాస్కెట్ సైజు ఒక్కటే చూడకు, ఎంత ఒత్తిడికి పనికొస్తుందో చెప్పే క్లాస్ 150దా 300దా అని కూడా చూడు.

నీ కింద ఒడియా, బెంగాలీ కుర్రాళ్లూ ఉంటారు. "అర్థమైందా?" అంటే అందరూ తలూపుతారు. "ముందు ఏం చేస్తావో చెప్పు" అని అడిగి, వాడు చెప్పాకే స్పానర్ పట్టనివ్వు.

షిఫ్ట్ దిగగానే ఫోన్ చెయ్యి. ఎంత రాత్రయినా మేలుకునే ఉంటాను.

మీ పెదనాన్న