ఐస్‌లాండ్ మాజీ ప్రధాని కత్రిన్ యాకబ్స్‌డోట్టిర్ అంత మంచి పేరుండి కూడా 2024 దేశాధ్యక్ష ఎన్నికల్లో ఎందుకు ఓడిపోయింది?

ఉద్యోగం మీద 2022 నుంచి 2024 చివరిదాకా అక్కడి రాజధాని రేక్యావిక్‌లో ఉన్నాను కాబట్టి చూసింది, విన్నది చెప్తాను. అక్కడ చాలామందికి ఇంటిపేర్లు ఉండవు, యాకబ్స్‌డోట్టిర్ అంటే యాకబ్ కూతురు, అంతే. ప్రధానిని కూడా ఉత్త కత్రిన్ అనే అంటారు. 'గారు' లేకుండా అనడానికి నాకు చాలా రోజులు నోరు రాలేదు.

2007లో ఎంపీ అయింది, బ్యాంకులు కుప్పకూలాక 2009లో వచ్చిన వామపక్ష ప్రభుత్వంలో విద్యా మంత్రి, 2013లో తన వామపక్ష లెఫ్ట్-గ్రీన్ పార్టీకి అధ్యక్షురాలైంది. అసలు కథ 2017లో మొదలైంది. 63 సీట్ల పార్లమెంటులో తన పార్టీకి 11, కుడిపక్షం ఇండిపెండెన్స్ పార్టీకి 16. వాళ్లనీ ప్రోగ్రెసివ్ పార్టీనీ కలుపుకుని ప్రధాని అయింది. సొంత ఎంపీలు ఇద్దరు ఈ పొత్తుకు ఒప్పుకోనే లేదు. పార్టీ సిద్ధాంతమేమో నాటో సైనిక కూటమి వద్దని, ఆవిడేమో ప్రధాని హోదాలో నాటో సమావేశాలకి వెళ్లాలి!

మనిషి మీద మాత్రం జనానికి అభిమానమే. 2023 అక్టోబర్ 24న ఆడవాళ్లంతా పని మానేసి సమ్మె చేస్తే, ప్రధాని అయ్యుండి తనూ ఆ రోజు పనిచేయనంది. మా ఆఫీసులో మగవాళ్లు పిల్లల్ని వెంటేసుకొచ్చారు. ఒకడు మీటింగ్ మధ్యలో టేబుల్ కిందకి దూరి పాపకి బూట్లు తొడుగుతున్నాడు. మా మేనేజరమ్మ సీటు ఖాళీ, కాఫీ కూడా మేమే పెట్టుకున్నాం.

2024 ఏప్రిల్‌లో దేశాధ్యక్ష పదవికి పోటీ చేస్తానని ప్రధాని పదవి వదిలేసింది, ఆ కుర్చీలోకి ఇండిపెండెన్స్ పార్టీ నాయకుడు బ్యార్ని వచ్చాడు. ఆయన వద్దని ఆన్‌లైన్ పిటిషన్ మీద 40 వేలకి పైగా సంతకాలు పడ్డాయి, నాలుగు లక్షల జనాభా కూడా లేని దేశంలో! నా పక్క సీటు ఆయన 2017లో కత్రిన్ పార్టీకే ఓటేశాడు. "ఆవిడ మీద కోపం లేదు, కానీ వీళ్లకి కుర్చీ వేసింది ఆవిడే కదా" అన్నాడు. జూన్ 1న, ఇష్టమైన అభ్యర్థి వేరే ఉన్నా, కత్రిన్ గెలవకూడదని హల్లా తోమస్‌డోట్టిర్‌కి వేశాడు. హల్లాకి 34 శాతం, కత్రిన్‌కి 25. నవంబర్‌లో పార్లమెంటు ఎన్నికల్లో ఆవిడ పార్టీకైతే 2.3 శాతం, ఒక్క సీటూ లేదు. నన్నడిగితే ఆవిడ మంచిపేరే ఆరేళ్లకి పైగా ఆ పొత్తుని మోసింది, బిల్లు పార్టీ కట్టింది.

అన్నట్టు, ప్రధానిగా ఉంటూనే ఇంకో రచయితతో కలిసి ఒక క్రైమ్ నవల రాసింది. నేను వచ్చేసేటప్పుడు ఆ పక్క సీటాయన "ఇది మాత్రం బాగా రాసింది" అని తన కాపీ నా చేతిలో పెట్టాడు. నా ఐస్‌లాండిక్‌కి ఇరవై పేజీలు దాటలేదు, హంతకుడెవరో ఇప్పటికీ తెలీదు.