అమ్మకి చూపు తగ్గింది, వంట మాన్పించేశాం. ఇప్పుడేం చేయాలి?

"అమ్మకి గ్లకోమా. పోయిన చూపు ఇక రాదన్నారు. చెయ్యి కాల్చుకుందని వంట మాన్పించాం. ఇప్పుడు రోజంతా మంచం మీదే. పేపర్ హెడ్డింగులు చదువుతుంది కానీ కుర్చీ తగిలి పడిపోతుంది. ఏం చేయాలి?" అని అడిగారు.

నాకు ఆర్‌పీ, అంటే రెటినైటిస్ పిగ్మెంటోసా, కంటి వెనక పొర మెల్లగా పాడయ్యే జబ్బు. జబ్బు వేరైనా మీ అమ్మగారిలాగే నాకూ పక్కచూపు పోయి మధ్యలో కాస్త మిగిలింది. మా ఇంట్లో వంట నాదే.

ముందు ఆ పేపరు, కుర్చీ సంగతి. గ్లకోమాలో కంటి నరం దెబ్బతిని, ఎక్కువమందికి ముందు పక్కచూపు పోతుంది. మిగిలిన ఆ కాస్త మధ్యభాగంలోకి వచ్చింది చక్కగా కనపడుతుంది, దాని పక్కనున్నది కనపడదు. "సూదిలో దారం ఎక్కిస్తావు, గుమ్మంలో బిందె కనపడలేదా?" అని చుట్టాల్లో ఒకావిడ అందరి ముందూ అడిగినప్పుడు నాకు ఏడుపొక్కటే తక్కువ. మీ అమ్మగారు నటిస్తున్నారని ఎవరినీ అననివ్వకండి.

2016 నాటి వికలాంగుల హక్కుల చట్టం కూడా ఈ తేడాని ఒప్పుకుంది. అద్దాలు పెట్టుకున్నా మెరుగైన కంటికి చూపు 3/60 కన్నా తక్కువుంటే అంధత్వం. అంటే మామూలు చూపున్నవాళ్లు 60 మీటర్ల నుంచి పోల్చుకునేదాన్ని 3 మీటర్ల దగ్గరికెళ్లినా పోల్చలేకపోవడం. అక్షరాలు బాగానే కనపడుతున్నా, చూపు వెడల్పు 10 డిగ్రీలకన్నా తగ్గితే అదీ అంధత్వమే. అందుకే వికలాంగుల సర్టిఫికెట్‌కి వెళ్లేటప్పుడు ఫీల్డ్ టెస్ట్ (చూపు వెడల్పు కొలిచే పరీక్ష) రిపోర్టులు తప్పకుండా పట్టుకెళ్లండి. అక్షరాల చార్టు ఒక్కటే చూస్తే ఆవిడ అసలు ఇబ్బంది బయటపడదు.

"చూపు రాదు" అన్నారంటే చుక్కల మందు ఆపేయమని కాదు. మిగిలిన చూపుని కాపాడేది ఆ మందే. పునరావాసం, అంటే మిగిలిన చూపుతో పనులు చేసుకోవడం నేర్పడం, వేరే విభాగం. లో విజన్ క్లినిక్‌కి రాసిమ్మని మీరే అడగండి. హైదరాబాద్‌ ఎల్.వి. ప్రసాద్ కంటి ఆసుపత్రిలో దానికి ప్రత్యేక కేంద్రం ఉంది. చూపు కాస్తయినా ఉండగానే వెళ్తే నేర్చుకోవడం తేలిక.

ఇక వంట. దయచేసి మళ్లీ మొదలుపెట్టనివ్వండి. నేను స్టవ్ వెలిగించకముందే గిన్నె పెట్టి, బర్నర్ మీద సరిగ్గా కూర్చుందో లేదో తడిమి చూసుకుంటాను. ఆ తర్వాతే మంట. కొంగు నడుముకి దోపుకోవాలి. గిన్నెల కాడలు పక్కకి తిప్పి ఉండాలి. పోపులో ఆవాల చిటపట తగ్గగానే కరివేపాకు వేస్తాను, దానికి చూపుతో పనిలేదు. తెల్ల బోర్డు మీద ఉల్లిపాయ ఎక్కడుందో నాకు తెలియదు, నల్లబోర్డు మీదైతే ప్రతి ముక్కా తెలుస్తుంది. పెరుగన్నానికీ అంతే, ముదురు రంగు పళ్లెం కావాలి. ఉప్పు డబ్బాకి ఒక రబ్బరు బ్యాండు, పంచదారకి రెండు. మీరు చేయగలిగిన పెద్ద సాయం ఏమిటంటే, ఏ వస్తువైనా తీసినచోటే పెట్టడం. కుర్చీలు కూడా. గడపకి పసుపు ఉంటుంది కాబట్టి నాకు తెలుస్తుంది, మెట్ల అంచులకీ పసుపు పెయింటు గీత వేయించండి.

బయటికెళ్లేటప్పుడు చెయ్యి పట్టి లాక్కెళ్లకండి. ఆవిడనే మీ మోచేయి పైన పట్టుకుని అరడుగు వెనకగా నడవమనండి. మీరు ఆగినా, మెట్టు దిగినా మీ చేతిని బట్టే ఆవిడకి తెలిసిపోతుంది. తెల్లకర్ర సంగతి శిక్షకులకి వదిలేయండి, మొదట్లో చాలామంది వద్దంటారు.

ఒక విషయం మెల్లగా అడిగి చూడండి. చూపు బాగా తగ్గినవాళ్లలో కొందరికి అక్కడ లేని మనుషులు, పూలు, ముగ్గుల్లాంటి ఆకారాలు కనపడతాయి. చార్ల్స్ బోనే సిండ్రోమ్ అంటారు. అది పిచ్చీ కాదు, గాలి సోకడమూ కాదు. భయపడి లోపల దాచుకునేవాళ్లు చాలామంది. ఉందంటే డాక్టరుకి చెప్పండి.

అలాగే మీరూ, మీ తోబుట్టువులూ, మావయ్యలూ, పిన్నులూ కంటి ప్రెషర్, నరం పరీక్ష చేయించుకోండి. గ్లకోమా కుటుంబాల్లో నడుస్తుంది. చాలామందికి నొప్పి ఉండదు కాబట్టి చూపు పోయేదాకా తెలియదు.